అడవి సర్వే: "ఏమీ కనిపించలేదు" అని కూడా రాయాలా?

ముళ్ళకంప
మా గుంపు కొన్నేళ్ళుగా ఒకే అడవి ముక్కలో తిరుగుతూ చూసినవన్నీ రాసి పెట్టింది. పక్షులు, సీతాకోకచిలుకలు, పాములు, జంతువుల జాడలు, చెట్లు. జాబితా బానే పెరిగింది. ఆ అడవికి సంరక్షణ ప్రణాళిక రాస్తున్నవాళ్ళు అడిగితే సంబరంగా పంపాం. వాళ్ళ జవాబేంటో తెలుసా? "జాబితా బాగుంది. కానీ ఏ దారిన నడిచారు, ఎంతసేపు నడిచారు, ఎంతమంది వెళ్ళారు, ఏమీ దొరకని రోజులెన్ని? అవి లేకపోతే వచ్చే ఏడాదితో పోల్చడానికి పనికిరాదు" అని.

చూసింది రాస్తే చాలదా? చూడనివి కూడా రాయాలంటే ఏనుగు కనిపించలేదు, తిమింగలం కనిపించలేదు అని రాసుకుంటూ కూర్చోవాలా? ఒళ్ళు మండిపోయింది. మీలో ఎవరికైనా ఇలా జరిగిందా?

పిట్టలపిచ్చి
తిమింగలం వదిలేయండి, వాగులో నీళ్ళు చాలవు దానికి.

వాళ్ళు అడిగింది మాత్రం న్యాయమే. చూసిన పక్షుల్ని నమోదు చేసే ఈబర్డ్ వెబ్‌సైటులో చెక్‌లిస్టు పెట్టేటప్పుడు ఒక ప్రశ్న వస్తుంది చూడండి, గుర్తుపట్టిన పక్షులన్నీ రాశారా అని. అవునంటేనే అది పూర్తి చెక్‌లిస్టు. అప్పుడు మీరు రాయని పక్షి ఆ పూట మీకు దొరకలేదని దానంతట అదే తెలిసిపోతుంది. ఒక్కో పేరు పక్కన సున్నా పెట్టుకుంటూ పోనక్కర్లేదు.

కొత్తచిగురు
నేను నచ్చినవి మాత్రమే పెడుతున్నాను. కాకులు, గోరింకలు ఎవరు రాస్తారండీ?

పిట్టలపిచ్చి
అందరూ అలా అనుకుంటే పదేళ్ళ తర్వాత గోరింకలు తగ్గాయా లేదా అన్నది ఎవరూ చెప్పలేరు. రాయండి బాబూ.

లెక్కలపంతులు
పిట్టలపిచ్చి గారు పట్టుకున్నదే అసలు సంగతి. కాస్త సాగదీస్తాను, ఓపికుంటే చదవండి.

పోయినేడు మీవాళ్ళు 10 దుప్పులు చూశారు, ఈ ఏడు 20 చూశారు అనుకోండి. దుప్పులు రెట్టింపయ్యాయా? పోయినేడు రెండు కిలోమీటర్లు, ఈ ఏడు నాలుగు కిలోమీటర్లు నడిచి ఉంటే ఏమీ పెరగనట్టే. పోయినేడు వానల్లో, పొదలు మూసుకుపోయాక వెళ్ళి, ఈ ఏడు ఆకు రాలాక వెళ్ళి ఉంటే దుప్పులు తగ్గి కూడా ఉండొచ్చు! ఎంత శ్రమ పెట్టామో రాయకపోతే ఆ అంకెలకు అర్థం లేదు.

రెండోది. కనిపించకపోవడం వేరు, లేకపోవడం వేరు. ఒక చోట ముళ్ళపంది నిజంగానే తిరుగుతోంది, ఒకసారి వెళ్తే దాని జాడ దొరికే అవకాశం 0.3 అనుకుందాం. మూడుసార్లు వెళ్ళినా ఒక్కసారీ దొరక్కపోయే అవకాశం 0.7 × 0.7 × 0.7, అంటే 0.343. మూడో వంతు పైమాటే. ఐదుసార్లు వెళ్తే 0.168. ఉండి కూడా మన కళ్ళు కప్పే అవకాశం నూటికి ఐదు కంటే తగ్గాలంటే తొమ్మిదిసార్లు వెళ్ళాలి. అందుకే ఒకే చోటికి మళ్ళీ మళ్ళీ వెళ్ళి దొరికితే 1, దొరక్కపోతే 0 అని రాస్తారు. 0 1 0 0 1 అన్న ఆ వరసల్లోంచి జంతువు ఎన్ని చోట్ల ఉంది, ఉంటే మనకు దొరికే అవకాశం ఎంత, అన్న రెండింటినీ విడదీస్తారు. దీన్ని ఆక్యుపెన్సీ మోడల్ అంటారు. మెకెంజీ అనే గణాంక నిపుణుడి బృందం 2002లో ప్రచురించాక బాగా వాడుకలోకి వచ్చింది. సున్నాలు పారేస్తే ఈ లెక్క మొదలే కాదు.

ముళ్ళకంప
తొమ్మిదిసార్లా! మావాళ్ళు రెండోసారికే మోకాళ్ళు పట్టుకుంటారు పంతులుగారూ.

లెక్కలపంతులు
దానికీ దారుంది. పొడవాటి కాలిబాటను కిలోమీటరు చొప్పున ముక్కలు చేసి, ఒక్కో ముక్కనూ ఒక్కో విడతలా లెక్కలోకి తీసుకోవచ్చు. పులుల సర్వేల్లో అలా చేశారు. పక్కపక్క ముక్కల్లో జాడలు ఒకదానితో ఒకటి ముడిపడి ఉంటాయి కాబట్టి దానికి తగ్గ మోడల్ వాడాలి, అంతే. మోకాళ్ళకి మాత్రం నా దగ్గర మోడల్ లేదు.

బీటుదారి
అంతా చదివాను. అంకెలు బాగున్నాయి. కానీ 0.3 అన్నారే, అది ఎవరి కంటికి? వాగు పక్క ఇసుకలో వేలిముద్రంత గుర్తు చూసి ఏ జంతువు, ఏ పూట, ఎటు పోయిందో చెప్పే ట్రాకర్‌తో నేను ఏళ్ళ తరబడి నడిచాను. అదే దారిలో బైనాక్యులర్ మెడలో వేసుకున్న కుర్రాళ్ళు ఆ గుర్తు మీద అడుగేసి పోయేవారు. మీ ఫారంలో వాళ్ళిద్దరూ "పరిశీలకుడు: 1" అనే పడతారు.

లెక్కలపంతులు
మంచి పాయింటు. అందుకే పరిశీలకుడి పేరో, కోడో తప్పక రాయాలి. మనిషిని బట్టి ఆ 0.3 మారుతుందని మోడల్‌కి చెప్పొచ్చు. చెప్పాలంటే ముందు ఎవరు నడిచారో రాసి ఉండాలిగా.

రాత్రిగూబ
@బీటుదారి, జాడలు చదవడం గొప్ప విద్యే, కాదనను. కానీ జాడలతో తలలు లెక్కపెడితే ఏమైందో అందరికీ తెలుసు. మన దేశంలో దశాబ్దాల పాటు పాదముద్రలు గీసి, ఇది ఫలానా పులి, అది ఫలానా పులి అని మొత్తం లెక్క చెప్పారు. రాజస్థాన్‌లోని సరిస్కా పులుల అభయారణ్యంలో కాగితాల మీద పులులు ఉన్నాయి, 2005 నాటికి అడవిలో ఒక్కటీ లేదు. 2006 లెక్కింపు నుంచి ఆ పద్ధతికి స్వస్తి చెప్పారు.

బీటుదారి
పాదముద్ర మీద అద్దం పెట్టి గీసిన చేతులివి, నాకు చెప్పకండి. ఒకే పులి తడి ఇసుకలో ఒకలా, పొడి దుమ్ములో ఒకలా అడుగేస్తుంది. దుమ్ములో అంచులు జారి ముద్ర పెద్దదవుతుంది. ముందు కాలు వెడల్పు, వెనక కాలు పొడుగు. నడకలో వెనక కాలు పోయి ముందు కాలి ముద్ర మీదే పడుతుంది. ఇవన్నీ ట్రాకర్లకు తెలుసు, పై నుంచి "పోయినేటి కంటే తగ్గకూడదు" అన్న మాట వచ్చేదని కూడా తెలుసు. ముద్రలో అబద్ధం లేదు. దాన్ని అంకెగా మార్చిన చోట ఉంది.

రాత్రిగూబ
సగం ఒప్పుకుంటాను. మిగతా సగం: ఎవరూ అబద్ధం ఆడకపోయినా ఆ పద్ధతిలో లోపం ఉంది. పొరపాటు ఎంతుందో కొలిచే దారి దానిలో లేదు. పులుల శాస్త్రవేత్త ఉల్లాస్ కారంత్ కర్ణాటకలోని నాగరహొళె అడవిలో కెమెరాలతో చేసి 1995లో ప్రచురించిన పద్ధతిలో అది ఉంది. చారలు పులిపులికీ వేరు. మొదటి విడతలో ఫొటోకి చిక్కినవి తర్వాతి విడతల్లో ఎన్నిసార్లు మళ్ళీ చిక్కాయన్నదాన్ని బట్టి, చిక్కనివి ఎన్నుండొచ్చో అంచనా వస్తుంది, ఇంతకీ ఇంతకీ మధ్య అన్న హద్దులతో సహా.

నల్లమద్ది
మీరిద్దరూ పులుల దగ్గరే ఆగిపోయారు. అడవి సర్వే అంటే అందరికీ కాళ్ళున్నవే గుర్తొచ్చాయి. చెట్ల సంగతేంటి? ముళ్ళకంప గారూ, మీ జాబితాలో చెట్ల పేర్లే ఉన్నాయా, కొలతలున్నాయా?

ముళ్ళకంప
పేర్లే. కొలతలు కూడానా!

నల్లమద్ది
మరి! జంతువుల లెక్క ఎందుకు మారిందో చెప్పేది ఆవాసమే. నేను చెట్ల సర్వేలకు ఎక్కువగా వెళ్తాను కాబట్టి కాస్త వివరంగా.

10 × 10 మీటర్ల గళ్ళలో చెట్లు, అందులోనే 5 × 5లో పొదలు, 1 × 1లో గడ్డి, మొక్కలు చూడటం చాలామంది పాటించే పద్ధతి. గడి ఎక్కడ వేయాలన్నది ముందే మ్యాపు మీద నిర్ణయించుకోవాలి. అక్కడికెళ్ళాక "ఇక్కడ బాగుంది" అనుకుని తాడు కట్టకూడదు. ముళ్ళు లేనిచోటే కడతారు ఎవరైనా!

చెట్టు చుట్టుకొలత నేల నుంచి 1.3 మీటర్ల ఎత్తులో తీయాలి. 1.37 దగ్గర తీసేవాళ్ళూ ఉన్నారు. ఏదైనా ఒకటే పట్టుకోండి, ఏది పట్టుకున్నారో రాయండి. వాలులో ఉన్న చెట్టుకి ఎగువ వైపు నిలబడి ఎత్తు చూడాలి. టేపు చుట్టేటప్పుడు మీకు కనపడని వెనక వైపు జారి కిందకి దిగుతుంది, అందుకని అటు ఒకరు పట్టుకోవాలి. కాండం మీద తీగ పాకి ఉంటే దాని కింద నుంచి దూర్చాలి, మీద నుంచి కాదు. సరిగ్గా ఆ ఎత్తులోనే బుడిపె ఉంటే కాస్త పైన కొలిచి, ఎంత పైనో రాయాలి. చుట్టుకొలతను 3.14తో భాగిస్తే అడ్డుకొలత.

ఎండిపోయి నిలబడ్డ చెట్లు, పడిపోయిన దుంగలు ఎవరూ రాయరు. వాటిలోనే సగం కథ. వడ్రంగిపిట్ట తొలిచిన తొర్రలో తర్వాత చిలకో, గుడ్లగూబో, ఉడతో కాపురం పెడుతుంది. పుచ్చిన దుంగలో పేడపురుగుల నుంచి బల్లుల దాకా. "చెత్త తీసేశాం, అడవి శుభ్రమైంది" అంటే నాకు గుండె దడ.

లాంటానా కలుపు పొద ఎంత మేర కమ్మిందో నూటికి ఇంతని రాయండి. కొట్టేసిన మొద్దులు, పశువుల పేడ, నిప్పు మచ్చలు కూడా. ఇంకా, ఏటా ఒకే రాయి మీద నిలబడి, ఒకే దిక్కుకి ఒక ఫొటో. పైసా ఖర్చు లేదు, పదేళ్ళ తర్వాత దానంత సాక్ష్యం ఇంకోటి ఉండదు.

పిట్టలపిచ్చి
పేడపురుగులు పేడలో కదండీ ఉండేది, దుంగలో కాదుగా? పెంకుపురుగులు అనబోయారేమో.

నల్లమద్ది
పెంకుపురుగులే. చేయి జారింది.

అలికిడి
నల్లమద్ది గారి మాటకి కలివికోడి మంచి సాక్ష్యం. 1900 తర్వాత ఎవరికీ కనిపించక అంతరించిందనుకున్న పక్షి, 1986లో కడప జిల్లా లంకమల దగ్గర దొరికింది. రాత్రిపూట తిరుగుతుంది, మనిషి అలికిడికే తప్పుకుంటుంది. కళ్ళతో వెతికితే లాభం లేక, పొదల మధ్య నేల మీద సన్నటి మట్టి పట్టీలు పరిచి, పొద్దున్నే వాటి మీద పడ్డ కాలిగుర్తులు చూశారు. ఆ గుర్తులు ఎక్కడ ఎక్కువ పడ్డాయో అక్కడి పొదలు లెక్కపెడితే, రెండు మీటర్ల కంటే ఎత్తయినవి హెక్టారుకు 300 నుంచి 700 దాకా ఉన్న చోట్లని తేలింది. మరీ చిక్కగా ఉన్నా రాదు, మరీ బోడిగా ఉన్నా రాదు. పొదలు కొలవకపోతే "కంప అడవిలో ఉంటుంది" అన్న దగ్గరే ఆగిపోయేది.

బీటుదారి గారి జాడలు, పంతులుగారి లెక్కలు, నల్లమద్ది గారి టేపు, మూడూ అక్కడే కలిశాయి. ఇక కొట్టుకోకండి.

బీటుదారి
కొట్టుకోవట్లేదు, మాట్లాడుకుంటున్నాం. 1986లో ఆ పక్షిని దొరికించింది కూడా స్థానికంగా పిట్టలు పట్టే మనిషే, అది కూడా రాయండి.

అలికిడి
నిజమే.

కొత్తచిగురు
మేం ఒక కెమెరా ట్రాప్, అదే జంతువు ముందుకొస్తే దానంతట అదే ఫొటో తీసే కెమెరా, పెట్టాలనుకుంటున్నాం. చెట్టుకి కట్టేసి రావడమేగా?

కెమెరాబాబు
కట్టేసి రావడమే. తర్వాత వేల ఫొటోలు తెచ్చుకుని, గాలికి ఊగే గడ్డిని అన్ని కోణాల్లోంచి చూసి ఆనందించడమే.

సరే, అసలు విషయం. వేడిగా ఉన్నది ఏదైనా కదిలితే సెన్సర్ లేస్తుంది. ఎండకి వేడెక్కిన ఆకు గాలికి ఊగినా లేస్తుంది. అందుకని ముందున్న గడ్డి, కొమ్మలు కాస్త తప్పించండి, మరీ తోట చేయొద్దు. తూర్పు పడమరలకు తిప్పితే సూర్యుడు నేరుగా కొడతాడు, ఉత్తరమో దక్షిణమో మేలు. ఎత్తు మోకాలి దగ్గర. మనిషి చూపు ఎత్తులో కడితే కుందేలు, పునుగుపిల్లి కింద నుంచి పోతాయి. చారలో, మచ్చలో చూసి ఒక్కో జంతువునీ గుర్తుపట్టాలంటే దారికి రెండు వైపులా రెండు కెమెరాలు కావాలి, ఎందుకంటే ఎడమ పక్క చారలు కుడి పక్కలా ఉండవు. రెండూ ఎదురెదురుగా కాకుండా కాస్త పక్కకి జరపండి, లేకపోతే ఒకదాని ఫ్లాష్ ఇంకోదాని కంట్లో పడుతుంది.

తేదీ, టైమ్ సెట్ చేశాక దాని ముందు మీరే ఒక పలక మీద స్థలం కోడ్, తేదీ రాసి ఫొటో దిగండి. బ్యాటరీ మార్చినప్పుడు గడియారం మొదటికొస్తే, తర్వాత సరిదిద్దుకోవడానికి అదొక్కటే ఆధారం.

ఒకే దుప్పి కెమెరా ముందు గంటసేపు మేస్తే 200 ఫొటోలు. అది 200 దుప్పులు కాదు. అరగంట లోపు వచ్చిన ఒకే జాతి ఫొటోల్ని ఒకే ఘటనగా లెక్కవేయడం ఎక్కువమంది పద్ధతి.

రాత్రిగూబ
ఎన్ని ఫొటోలొస్తాయో తెలియాలంటే మన దేశంలో 2018 పులుల లెక్కింపు చూడండి. 26,838 చోట్ల కెమెరాలు, దాదాపు 3.48 కోట్ల ఫొటోలు. అందులో పులివి 76,651, చిరుతవి 51,777.

కొత్తచిగురు
అమ్మో. మిగతావి?

కెమెరాబాబు
మిగతా జంతువులు, పశువులు, మనుషులు, గడ్డి. మనుషుల సంగతొచ్చింది కాబట్టి చెప్తున్నా: కట్టెలకో, ఇంకో అవసరానికో వచ్చినవాళ్ళు ఫొటోలో పడతారు. మా దగ్గర ఆడవాళ్ళ ఫొటోలు ఒకాయన గుంపులో నవ్వుకోవడానికి పెట్టాడు. ఆరోజే ఆయన్ని తీసేశాం. మనుషుల ఫొటోలు ఎవరికీ చూపించకుండా తీసేయాలి. కెమెరాలు ఎక్కడ పెడుతున్నామో ముందే చుట్టుపక్కలవాళ్ళకి చెప్పాలి. అటవీ అధికారుల అనుమతి లేకుండా అడవిలో కెమెరా కట్టడం ఎలాగూ కుదరదు.

ముళ్ళకంప
మా జాబితాకి ఒక మెరుపు చేరుద్దామని, మా అడవిలో గుడ్లగూబ గూడు ఫొటో పెడుతున్నాను. చెట్టు తేలికగానే దొరుకుతుంది, ఇదిగో లొకేషన్: [నిర్వాహకుడు తొలగించారు]

మర్రినీడ (నిర్వాహకుడు)
గూళ్ళ లొకేషన్లు ఇక్కడ పెట్టొద్దు. పిల్లల్ని ఎత్తుకుపోయేవాళ్ళూ చదువుతారు, ఫ్లాష్ కెమెరాలతో బయల్దేరేవాళ్ళూ చదువుతారు. ఫొటో ఉంచాను.

ముళ్ళకంప
అర్థమైంది. మరి సర్వే రికార్డులో లొకేషన్ లేకపోతే ఎలా?

పిట్టలపిచ్చి
మీ దగ్గర పూర్తిగా ఉంచుకోండి, బయటికి మసకగా ఇవ్వండి. అన్ని రకాల జీవుల్నీ నమోదు చేసే ఐనాచురలిస్ట్ వెబ్‌సైటు ముప్పున్న జాతులైతే అదే చేస్తుంది, అసలు చోటు చూపకుండా 0.2 × 0.2 డిగ్రీల గడిలో ఎక్కడో ఒక చుక్క పెడుతుంది. దాదాపు 22 కిలోమీటర్ల గడి. ఈబర్డ్ కూడా కొన్ని పక్షుల్ని దాస్తుంది. కానీ మామూలు జాతి గూడుని అవి దాయవు, అది మీరే చూసుకోవాలి.

అలికిడి
చిక్కటి ఆకుల కింద ఫోన్ జీపీఎస్ పది మీటర్లు, ఒక్కోసారి ఇంకా ఎక్కువే తప్పుతుంది. తెర మీద వచ్చే ఆ "ఖచ్చితత్వం" అంకెని కూడా రాసుకోండి.

ఇంకొకటి. శబ్దం రికార్డు చేసే పరికరాలు ఇప్పుడు చిన్నవి, తేలిక. రాత్రంతా వదిలేసి రావొచ్చు. గబ్బిలాలకైతే ప్రత్యేకమైనవి కావాలి, వాటి కూతలు చాలావరకు మన చెవికందే 20 కిలోహెర్ట్జ్‌కి పైనే. తర్వాత బర్డ్‌నెట్ లాంటి సాఫ్ట్‌వేర్లు కూతల్ని గుర్తుపడతాయి. గుర్తుపట్టినదల్లా నమ్మొద్దు. కొమ్మ కిర్రుమన్నా ఏదో పక్షి పేరు చెప్తుంది. జాతికి కొన్ని క్లిప్పులైనా మనిషి చెవితో విని సరిచూడాలి.

లెక్కలపంతులు
దుప్పుల్లాంటివి హెక్టారుకి ఎన్ని అని కావాలంటే ట్రాన్సెక్ట్ వేయండి. తిన్నటి గీత మీద నెమ్మదిగా నడుస్తూ, గుంపు కనిపించగానే ఎంత దూరంలో ఉంది, గీతకు ఎంత కోణంలో ఉంది అని రాయాలి. 40 మీటర్ల దూరం, 30 డిగ్రీల కోణం అయితే గీత నుంచి అడ్డంగా 20 మీటర్లు. దూరం పెరిగేకొద్దీ ఎన్ని తప్పించుకుంటున్నాయో ఆ అంకెలే చెప్తాయి. మొదట చూసిన చోటుకే కొలవాలి, మిమ్మల్ని చూసి పరిగెత్తి ఆగిన చోటుకి కాదు. లెక్క నిలబడాలంటే కనీసం 60, 80 గుంపులు చూడాలి.

బీటుదారి
ఉన్న బండిదారినే ట్రాన్సెక్ట్ అనకండి పంతులుగారూ, చాలామంది అదే చేస్తారు. దారి పక్కన గడ్డి వేరు, జంతువులు దారికి దగ్గరగానో దూరంగానో ఉండటానికి వాటి కారణాలు వాటికుంటాయి.

లెక్కలపంతులు
ఈసారి మీతో పూర్తిగా ఏకీభవిస్తున్నాను. స్క్రీన్‌షాట్ తీసుకోండి.

ముళ్ళకంప
ఇంతకీ మా పాత జాబితా చెత్తబుట్టకేనా?

నల్లమద్ది
ఎవరన్నారు? ఎక్కడ ఏముందో చెప్పడానికి, కొత్త గళ్ళు ఎక్కడ వేయాలో ఎంచుకోవడానికి అదే ఆధారం. ఏళ్ళ మధ్య పోలికకే పనికిరాదు. ఇంకో మాట, మీవాళ్ళ ఫోన్లలో ఆ రోజుల ఫొటోలుంటే వాటిలో టైమ్, లొకేషన్ ఉంటాయి. మొదటి ఫొటోకీ చివరి ఫొటోకీ మధ్య ఎంతసేపో, ఎటు తిరిగారో కొన్ని రోజులకైనా తెలుస్తుంది. అంచనా అని స్పష్టంగా రాసి ఇవ్వండి.

ముళ్ళకంప
అది తట్టలేదు! కొత్త ఫారంలో ఇవి పెడుతున్నా: తేదీ, మొదలు, ముగింపు, దారి కోడ్, దూరం, ఎవరెవరు, వాతావరణం, జాతి, ఎన్ని, చూశామా విన్నామా జాడా, అడ్డదూరం, ఆవాసం, లొకేషన్, ఎంత నమ్మకం. చివర్లో "అన్నీ రాశారా: అవును/కాదు".

పిట్టలపిచ్చి
"ఎన్ని" దగ్గర "చాలా" అని రాయనివ్వొద్దు. లెక్కపెట్టలేకపోతే 30 నుంచి 40 అనైనా రాయాలి.

రాత్రిగూబ
అడ్డదూరం గడి తీసేయండి. దూరం, కోణం విడిగా రాయాలి, లెక్క ఇంటికొచ్చాక. అడవిలో నిలబడి సైన్ విలువలు వేస్తే దుప్పులే నవ్వుతాయి.

ముళ్ళకంప
తీసేశా. "ఎవరెవరు" దగ్గర ఒక సందేహం. మాతో ఒకాయన కుక్క కూడా వస్తుంది. రాయాలా?

బీటుదారి
కుక్క వచ్చిన రోజు సర్వే కాదు, షికారు. ఇంట్లో కట్టేసి రమ్మనండి.

కొత్తచిగురు
కుక్క ఏమైనా కనిపెడితే?

బీటుదారి
అది కనిపెట్టేలోగా మిగతావన్నీ దాన్ని కనిపెట్టి పారిపోతాయి నాయనా.